నాగరాజ్ కామిక్స్ చరిత్ర: దేశాలు తిరిగిన పాత నాగరాజా, మహానగర్ నాగరాజా?

గోండియా_ప్యాసింజర్

చందమామ థ్రెడ్‌లో మాటల మధ్య హిందీ కామిక్స్ ప్రస్తావన వస్తే మేమూ చదివామని చాలామంది చేతులెత్తారు కాబట్టి దీన్ని విడిగా పెడుతున్నా. రాజ్ కామిక్స్ వాళ్ల నాగరాజ్ గురించి మాట్లాడుకుందాం. తెలియనివాళ్ల కోసం క్లుప్తంగా చెప్తా. ఢిల్లీలో రాజ్‌కుమార్ గుప్తా గారి రాజా పాకెట్ బుక్స్ అనే నవలల సంస్థ ఉండేది, 80ల మధ్యలో అదే సంస్థ రాజ్ కామిక్స్ పేరుతో బొమ్మల పుస్తకాలు మొదలుపెట్టింది. 1986లో వచ్చిన నాగరాజ్‌కి కథ పరశురామ్ శర్మ, బొమ్మలు ప్రతాప్ ములిక్. ప్రొఫెసర్ నాగమణి అనే దుర్మార్గపు శాస్త్రవేత్త ఒక మనిషిని ఆయుధంగా తయారుచేసి టెర్రరిస్టులకి అద్దెకివ్వాలనుకుంటాడు. అతని రక్తంలో కంటికి కనిపించని పాములు, ఊపిరిలో విషం, ఒంటి మీద ఆకుపచ్చ పొలుసులు. తలలో క్యాప్సూల్ పెట్టి అదుపులో ఉంచుతాడు. బాబా గోరఖ్‌నాథ్ ఆ క్యాప్సూల్ తీసేయగానే నాగరాజ్ తనని తయారుచేసినవాడికే ఎదురు తిరిగి, భూమ్మీద టెర్రరిజం లేకుండా చేస్తానని ప్రతిజ్ఞ చేస్తాడు.

నా అభిప్రాయం ముందే చెప్పేస్తున్నా. 90ల మధ్యలో ఈ సిరీస్ రచయిత, చిత్రకారుడు అనుపమ్ సిన్హా చేతికి వచ్చి ఉండకపోతే, అప్పటి వందలాది హిందీ కామిక్స్ హీరోల్లాగే నాగరాజ్‌ని కూడా ఈపాటికి జనం మర్చిపోయేవాళ్లు. ఒప్పుకోనివాళ్లు కారణాలతో రండి.

పాత_సంచిక

నేను ఒప్పుకోను. అనుపమ్ గారంటే నాకూ గౌరవమే, కానీ ఆయన చేతికి వచ్చేసరికే నాగరాజ్ హిందీ రాష్ట్రాల్లో ప్రతి రైల్వే స్టాల్‌లోనూ ఉన్నాడు. ఆ స్థాయికి తెచ్చింది పరశురామ్ శర్మ, ములిక్.

మొదటి పుస్తకం వచ్చిన కాలం చూడండి. పంజాబ్ మండుతోంది, 1984 గడిచి ఎంతో కాలం కాలేదు, 1985లో కనిష్క విమానం పేలింది. పిల్లలకి కూడా రేడియోలో రోజూ వినపడే మాట టెర్రరిజం. అలాంటప్పుడు టెర్రరిస్టుల కోసం తయారైన ఆయుధమే వాళ్ల మీదకి తిరగబడిందంటే ఆ కథకి ఎంత బలం ఉంటుంది! శర్మ గారు అప్పటికే పాకెట్ బుక్ నవలలు రాసి పేరు తెచ్చుకున్న మనిషి, ప్రతి రెండు పేజీలకీ కథని ఒక మలుపు తిప్పడం ఆయనకి బాగా తెలుసు. నాగరాజ్‌కి ఇల్లు లేదు, ఉద్యోగం లేదు, మారుపేరు లేదు, ఒక దేశంలో పని అయిపోతే ఇంకో దేశానికి వెళ్లిపోతాడు. "నాగరాజ్ కీ హాంగ్‌కాంగ్ యాత్రా" లాంటి పేరు చూస్తేనే పుస్తకం చేతిలోకి తీసుకోవాలనిపించేది, విమానం ఎక్కడం ఊహకి కూడా అందని పిల్లలం కదా.

ములిక్ బొమ్మల గురించి ఎంత చెప్పినా తక్కువే. ఆయన అమర్ చిత్ర కథకి ఎన్నో పుస్తకాలు వేసిన పుణే చిత్రకారుడు. అమర్ చిత్ర కథ తెలుగులో కూడా వచ్చింది కాబట్టి రాజ్ కామిక్స్ పేరు వినని మనవాళ్లు కూడా ఆయన గీత చూసే ఉంటారు. పురాణ పాత్రలు వేసిన ఆ చేయి నాగరాజ్ వేస్తే కండలు తిరిగిన మనిషిలా కాకుండా దేవాలయంలో శిల్పం లేచి నడుస్తున్నట్టు ఉండేది. తర్వాత ఎవరు వేసినా నాకు ఆ రూపం కనిపించలేదు.

రాజ్‌నగర్_వాసి

ఇద్దరూ చెప్పింది బాగుంది కానీ ధ్రువ లేకుండా ఈ చర్చ ముందుకి వెళ్లదు. అనుపమ్ సిన్హా నాగరాజ్‌కి ఏం చేశారో తెలియాలంటే అంతకుముందు రాజ్ వాళ్ల ఇంకో హీరో సూపర్ కమాండో ధ్రువకి ఏం చేశారో చూడాలి.

1987లో "ప్రతిశోధ్ కీ జ్వాలా". కథ ఆయనదే, బొమ్మలూ ఆయనవే. జూపిటర్ సర్కస్‌లో ఊయల విన్యాసాలు చేసే శ్యామ్, రాధల కొడుకు ధ్రువ. పోటీ సర్కస్ వాళ్లు కుట్ర చేసి జూపిటర్ సర్కస్‌ని తగలబెడితే అమ్మానాన్నలిద్దరూ పోతారు. రాజన్ మెహ్రా అనే పోలీసు అధికారి ఇంట్లో పెంపుడు కొడుకుగా పెరుగుతాడు. ఒంట్లో అతీత శక్తి ఏమీ లేదు. సర్కస్‌లో నేర్చిన విద్యలు, జంతువులతో పక్షులతో మాట్లాడగలగడం, బెల్టులో కొన్ని పరికరాలు, ఒక మోటార్ సైకిల్, అన్నిటికన్నా ముఖ్యం బుర్ర. శత్రువు కరెంటుతో వస్తే కరెంటు ఎలా పారుతుందో ఆలోచించి గెలుస్తాడు, శబ్దంతో వస్తే శబ్దం గురించి ఆలోచిస్తాడు. ఎవరినీ చంపడు. మాస్క్ కూడా లేదు, ఊరందరికీ ముఖం తెలుసు.

ఇన్నేళ్లు ఎక్కువగా ఒకే మనిషి రాసి గీసిన పాత్రలు మన దేశంలో తక్కువ. "గ్రాండ్ మాస్టర్ రోబో"లో మొదలైన శత్రుత్వం, రోబో కూతురు నటాషాతో ధ్రువ ప్రేమ, బ్లాక్ క్యాట్‌గా తిరిగే రిచా, ఇవన్నీ ఏళ్ల తరబడి ఎక్కడా తెగకుండా సాగాయి. ఒక పుస్తకంలో జరిగింది తర్వాతి పుస్తకానికి గుర్తుండడం అప్పట్లో హిందీ కామిక్స్‌లో మామూలు విషయం కాదు. అనుపమ్ గారు నాగరాజ్‌కి తెచ్చింది అదే.

గోండియా_ప్యాసింజర్

రాజ్‌నగర్ అన్నా, నేను చెప్పాలనుకున్నది మీరే చెప్పేశారు. ఆ ముక్కే కొంచెం విప్పుతా.

పాత సిరీస్‌లో నాగరాజ్‌కి గతం లేదు. నాగమణి తయారుచేశాడు, అంతే. అనుపమ్ గారు "ఖజానా" కథలతో ఆ గతాన్నే మార్చారు. నాగరాజ్ రాజు తక్షకరాజ్, రాణి లలితల కొడుకు. బాబాయ్ నాగపాశ సింహాసనం మీద ఆశతో, గర్భంలో ఉండగానే బిడ్డ మీద విషం ప్రయోగించాడు. ప్రాణం లేనట్టు పుట్టిన బిడ్డని నదిలో వదిలేస్తే అది చివరికి నాగమణి చేతికి చేరింది. అంటే "నేనే తయారుచేశా" అని నాగమణి ఇన్నాళ్లు చెప్పింది సగం అబద్ధం. పాత పుస్తకాల్లో ఒక్కదాన్నీ కొట్టేయకుండా వాటి వెనక ఇంకో కథ పెట్టారు! ఇది చాలా కష్టమైన పని, ఎందుకంటే పాత పాఠకుడు తను చదివిన ప్రతి పుస్తకాన్నీ మళ్లీ తీసి చూసుకుంటాడు, ఎక్కడ తేడా వచ్చినా ఉత్తరం రాస్తాడు.

ఆ తర్వాత మహానగర్ అనే కల్పిత నగరంలో స్థిరపడటం, భారతీ కమ్యూనికేషన్స్‌లో రాజ్ అనే పేరుతో ఉద్యోగం, గుడ్డివాడైనా అన్నీ తెలిసిన వేదాచార్య, ఆయన మనవరాలు భారతి, నాగద్వీపం రాకుమారి విసర్పి, ఒంట్లోనే నివాసం ఉండే సౌడాంగి, శీత్‌నాగ్ కుమార్, నాగు. వీళ్లందరూ వచ్చాక నాగరాజ్‌కి ఒక లోకం ఏర్పడింది. ఊరూ ఇల్లూ లేని మనిషిని ఎన్నేళ్లు తిప్పుతారండి?

చండిక_అభిమాని

నేను ఈ థ్రెడ్‌లో ఒక్కదాన్నే ఆడపిల్లని అనుకుంటా, అందుకని నా కోణం చెప్తా. మా నాన్నగారికి రైల్వేలో ఉద్యోగం కాబట్టి బిలాస్‌పూర్‌లో పెరిగాను, మా క్వార్టర్స్‌లో అన్నయ్యల దగ్గర్నుంచి లాక్కుని చదివేదాన్ని.

నాకు నాగరాజ్ కన్నా ధ్రువే ఇష్టం, ధ్రువ కన్నా శ్వేత ఇష్టం. శ్వేత ధ్రువకి చెల్లెలు, రాజన్ మెహ్రా సొంత కూతురు. ఇంట్లో అన్నతో పోట్లాడే మామూలు చెల్లెలు. కానీ సైన్స్‌లో అందెవేసిన చేయి, పరికరాలు తనే తయారుచేసుకుని చండిక పేరుతో మాస్క్ వేసుకుని రాత్రుళ్లు అన్నని కాపాడుతుంది. ఆ సంగతి అన్నకి తెలియదు! అంత తెలివైన ధ్రువకి ఇంట్లో చెల్లెలే చండిక అని తెలియకుండా కథ నడుస్తుంటే మాకు ఎంత టెన్షన్‌గా ఉండేదో. ధ్రువ చండికతో మాట్లాడుతున్న ప్రతి పేజీ నేను రెండుసార్లు చదివేదాన్ని.

నాగరాజ్ వైపు చూస్తే విసర్పికి ఇంత న్యాయం జరగలేదు. ఆమె పాలకురాలు, నాగద్వీపాన్ని నడిపిస్తుంది, యుద్ధం వచ్చిందంటే ముందుంటుంది. అయినా చాలా కథల్లో నాగరాజ్ ఎప్పుడొస్తాడా అని ఎదురుచూడటమే ఆమె పని. అనుపమ్ గారి భార్య జాలీ సిన్హా గారు కూడా చాలా కథలు రాశారు, ఆమె పేరున్న పుస్తకాల్లో ఇంట్లో మాటలు, అన్నాచెల్లెళ్ల గొడవలు సహజంగా ఉంటాయని నాకు అనిపిస్తుంది. రాజ్ కామిక్స్ చరిత్ర రాసేవాళ్లు ఆమె పేరు ఒక వాక్యంలో దాటేస్తారు. అది మారాలి.

అద్దె_పుస్తకాలు

అందరూ రచయితల గురించే చెప్తున్నారు. కొట్టు వైపు నుంచి నేను చెప్తా. నాగ్‌పూర్‌లో మా పెదనాన్న కామిక్స్ అద్దెకిచ్చే కొట్టు నడిపారు, సెలవుల్లో నేనూ కూర్చునేవాణ్ణి.

రాజ్ వాళ్ల పుస్తకాలు ఒక్కొక్కటిగా వచ్చేవి కావు, సెట్‌గా వచ్చేవి. సెట్‌లో నాగరాజో ధ్రువో ఉంటే వాటితోపాటు బాంకేలాల్, భోకాల్, పరమాణు, తిరంగా లాంటి మిగతా హీరోల పుస్తకాలు కూడా కొట్టుకి చేరేవి. మామూలు పుస్తకం 32 పేజీలు, విశేషాంక్, అంటే ప్రత్యేక సంచిక అయితే 64. విశేషాంక్ వస్తే ముందు రోజే పేర్లు రాయించుకునేవాళ్లు. పుస్తకం కొనేది ఒక్కడు, చదివేది వీధంతా. అందుకే నాకు ఒక సంగతి ఖాయంగా తెలుసు: అమ్మిన కాపీల లెక్క ఎవరు ఎంత చెప్పినా అది చదివినవాళ్ల లెక్క కాదు. పబ్లిషర్‌కి డబ్బు ఒక్క కాపీకే వస్తుంది. అద్దె కొట్లు హిందీ కామిక్స్‌ని ఊరూరా తీసుకెళ్లాయి, అదే సమయంలో పబ్లిషర్ ఆదాయానికి ఒక గోడ కట్టాయి. కొట్లు మూతపడ్డాక ఆ చదువరులు కొనుగోలుదారులుగా మారలేదు, టీవీ ముందుకెళ్లారు. కేబుల్, దాని వెనకే కార్టూన్ చానెళ్లు, వీడియో గేములు. మనోజ్ కామిక్స్, తులసి కామిక్స్ లాంటివి ఆ దెబ్బకే పోయాయి. మనోజ్ వాళ్ల రామ్-రహీమ్, తులసి వాళ్ల అంగారా, జంబూ ఎంత నడిచేవో మా కొట్టులో చూశాను. ఆ అంగారాని రాసింది కూడా పరశురామ్ శర్మ గారే.

మరి రాజ్ ఎందుకు మిగిలింది? నా లెక్కలో సంజయ్ గుప్తా గారి గ్రీన్ పేజ్ ఒక పెద్ద కారణం. పుస్తకంలో పాఠకులతో నేరుగా మాట్లాడే పేజీ అది. ఉత్తరాలకి జవాబులు, తర్వాత ఏం రాబోతోందో ఊరించడం, ఏ కథ ఎందుకు ఆలస్యమైందో చెప్పడం. కొట్టుకొచ్చిన పిల్లల్లో సగం మంది కథకన్నా ముందు ఆ పేజీ తిప్పేవాళ్లు. యజమాని కొడుకే స్వయంగా కథల్లో కూర్చుని, పాఠకుడితో మాట్లాడుతున్నాడంటే ఆ ఇంటికి అది వ్యాపారం కన్నా ఎక్కువ అని మాకు అర్థమయ్యేది.

ఓరుగల్లు_కొత్తబ్బాయి

నమస్తే అన్నలూ, అక్కా. నేను ఈ మధ్యే చదవడం మొదలుపెట్టిన. హిందీ మెల్లగా చదువుత, స్కూల్లో నేర్చుకున్నదే. ఆబిడ్స్ ఆదివారం బజార్ల పాత నాగరాజ్‌లు కొన్ని దొరికినయి. ఒకదాంట్ల నాగరాజ్ మహానగర్‌ల ఉద్యోగం చేస్తడు, ఇంకోదాంట్ల ఊర్లు పట్టుకుని తిరుగుతూ టెర్రరిస్టులను కనికరం లేకుండ చంపుతున్నడు, అది పాతది కాదు, కాగితం కొత్తగ మెరుస్తున్నది. ఇంకోదాంట్ల దయ్యాలు, నరకం. మూడూ ఒక్క నాగరాజేనా? నాకైతే ఏం సమజ్ అయితలేదు.

రాజ్‌నగర్_వాసి

తమ్ముడూ, నీ ప్రశ్నలోనే ఈ థ్రెడ్ గొడవంతా ఉంది. అవి మూడు వేరు వేరు నాగరాజ్‌లు.

మహానగర్‌లో ఉండేవాడు విశ్వరక్షక్ నాగరాజ్, అనుపమ్ సిన్హా గారి దారి. దేశాలు తిరిగేవాడు ఆతంకహర్తా నాగరాజ్. మహానగర్‌లో అసలు స్థిరపడకుండా, పాత ప్రతిజ్ఞ ప్రకారం టెర్రరిజం మీద యుద్ధం కొనసాగిస్తే ఎలా ఉండేదో ఆ దారి, అది చాలా ఏళ్ల తర్వాత మొదలైంది. దయ్యాలూ నరకం ఉన్నవాడు నరక్ నాశక్ నాగరాజ్, భయానక కథల దారి. ఒకదాంట్లో జరిగింది ఇంకోదాంట్లో జరిగినట్టు లెక్క కాదు. నీ దగ్గరున్న పుస్తకం అట్ట మీద ఏ నాగరాజో చూసుకుని విడివిడిగా పెట్టుకుంటే గందరగోళం ఉండదు.

పాత_సంచిక

చూశారా గోండియా గారూ! మహానగర్ దారి ఒక్కటే సరిపోయి ఉంటే ఆతంకహర్తా ఎందుకు పుట్టాలి? పాత నాగరాజ్ కావాలని అడిగేవాళ్లు అన్నేళ్ల తర్వాత కూడా అంతమంది ఉన్నారు, పబ్లిషర్‌కి ఇంకో దారి వేయక తప్పలేదు.

అయినా ఆతంకహర్తా చదివి నాకు పూర్తిగా తృప్తి కలగలేదు, నిజం చెప్పాలి. రక్తం ఎక్కువైంది. పాత నాగరాజ్ శత్రువుని కాటేసి చంపినా ఆ కథలో ఒక సాహసయాత్ర ఉండేది, కొత్త ఊరు, కొత్త మనుషులు, అడవి, సముద్రం. కొత్తదాంట్లో తుపాకులు, టెర్రరిస్టుల అడ్డాలు ఎక్కువ, ఊరు తక్కువ. ప్రపంచం చూపించడం అంటే మ్యాప్ మీద పేర్లు మార్చడం ఒక్కటే కాదు.

గోండియా_ప్యాసింజర్

మూడుగా చీల్చడం మాత్రం నాకు నచ్చలేదండి. పాత పాఠకులందరికీ తలా ఒక ముక్క దొరికింది నిజమే. కానీ కొత్తగా వచ్చిన పిల్లవాడి పరిస్థితి ఇదిగో, మన ఓరుగల్లు తమ్ముడే చెప్పాడు. 90లలో ఏ నాగరాజ్ పుస్తకం చేతికి దొరికినా మొదలుపెట్టేయొచ్చు. ఇప్పుడు ముందు వంశవృక్షం తెలియాలి. తర్వాత నితిన్ మిశ్రా గారి సర్వనాయక్ సిరీస్‌లో రాజ్ హీరోలందరినీ ఒకచోట చేర్చే పెద్ద ప్రయత్నం జరిగింది, దాని ఊహ చాలా పెద్దది, నాకు నచ్చింది కూడా, అయితే అది ఆస్వాదించాలంటే అప్పటికే అందరి కథలూ తెలిసి ఉండాలి.

నాగరాజ్, ధ్రువ కలిసిన పాత విశేషాంకాలు గుర్తు తెచ్చుకోండి. "రాజ్‌నగర్ కీ తబాహీ", ఆ తర్వాత "ప్రళయ్", "వినాశ్", అందరూ కలిసిన "కోహరామ్". వాటిలో ఎవరు ఎవరో తెలియని పిల్లవాడు కూడా నాలుగు పేజీల్లో అర్థం చేసుకునేలా రాసేవారు అనుపమ్ గారు. ఒకడు శక్తితో తోసుకుపోతాడు, ఇంకొకడు ఆగి ఆలోచిస్తాడు, ఇద్దరి స్నేహం ఆ తేడా మీదే నిలబడింది.

చండిక_అభిమాని

ఇంతసేపు మాట్లాడి నాగాయణ్ గురించి ఎవరూ ఎత్తలేదేంటి? తెలుగువాళ్లం, రామాయణం మాట వస్తే చెవులు నిక్కబొడుచుకుంటాయి కదా!

నాగరాజ్, ధ్రువలతో రామాయణం నమూనాగా తీసుకుని రాసిన సిరీస్. 8 కాండలు. వరణ్, గ్రహణ్, హరణ్, శరణ్, దహన్, రణ్, సమర్, ఇతి, పేర్లు చూడండి ఎంత వరుసగా కుదిరాయో. కథాకాలం 2025 అని పెట్టారు, ఆ సంవత్సరం అప్పట్లో మాకు చాలా దూరంగా కనిపించేది. విసర్పిని ఎత్తుకుపోవడం, ఆమెని వెనక్కి తేవడానికి యుద్ధం, క్రూరపాశ రావణుడి స్థానంలో. ఇది తెలిసిన కథే, అయినా తర్వాత ఏమవుతుందో అని నెలల తరబడి ఎదురుచూశాం. మనకి రామాయణాన్ని తిరగరాసే అలవాటు రంగనాథ రామాయణం కాలం నుంచీ ఉంది, నాటకాల్లో, సినిమాల్లో కూడా చూశాం. కాబట్టి సూపర్ హీరోల రామాయణం నాకు వింతగా అనిపించలేదు. విసర్పి విషయంలో నా ఫిర్యాదు మాత్రం ఇక్కడా అలాగే ఉంది, సీత పాత్ర ఇచ్చాక ఆమె కత్తిని పక్కన పెట్టేశారు.

పాత_సంచిక

నాగాయణ్ విషయంలో నేను మీతోనే ఉన్నానమ్మా. అనుపమ్ గారి పనిలో నాకు అన్నిటికన్నా నచ్చింది అదే. అన్ని పాత్రలకీ వయసు పెరిగింది, పోగొట్టుకున్నవాటి బరువు ముఖాల్లో కనిపించింది. ఎప్పటికీ ఒకే వయసులో ఉండే హీరోలకి ముగింపు రాయడానికి ఎంత ధైర్యం కావాలి!

అద్దె_పుస్తకాలు

ఓరుగల్లు తమ్ముడు కొనేటప్పుడు అయోమయపడకుండా ఇంకో మాట. గుప్తా గారి కొడుకులు సంజయ్, మనోజ్, మనీష్ ఈమధ్య విడివిడిగా నడుపుకుంటున్నారు. అందుకే ఇప్పుడొచ్చే పుస్తకాల మీద రాజ్ కామిక్స్ బై సంజయ్ గుప్తా అని, రాజ్ కామిక్స్ బై మనోజ్ గుప్తా అని వేరు వేరుగా ఉంటుంది. పాత కథల పునర్ముద్రణలు ఎక్కువగా వస్తున్నాయి, కొన్ని కథలు ఒక్కచోట కుట్టిన లావు సంపుటాలుగా కూడా. ఒకే కథ రెండు చోట్ల కనిపిస్తే దొంగ ముద్రణ అనుకోకు.

ఈ విడిపోవడం నాకు బాధగానే ఉంది. కానీ ఒక మంచి కూడా జరిగింది, పోటీ వల్ల ఏళ్ల తరబడి దొరకని పుస్తకాలు మళ్లీ బయటికొచ్చాయి. పాత ప్రతులని అటక మీద పెట్టుకుని నోటికొచ్చిన ధర చెప్పేవాళ్ల దగ్గరికి పరుగెత్తాల్సిన పని తగ్గింది. అయితే పునర్ముద్రణలో కొన్నిటికి కంప్యూటర్ రంగులు మళ్లీ వేశారు. ములిక్ గీత కింద ఆ మెరుపు రంగులు కుదరవు. దొరికితే పాత రంగులతో ఉన్నదే కొనుక్కో.

ఓరుగల్లు_కొత్తబ్బాయి

చాలా థ్యాంక్స్ అన్నా. మరి ఎక్కడ షురూ చేయాలె? మొదటి నుంచేనా, ఖజానా నుంచా?

గోండియా_ప్యాసింజర్

1986 మొదటి పుస్తకం, దాని వెనకే "నాగరాజ్ కీ కబ్ర్" చదువు. హిందీ తేలిగ్గా ఉంటుంది, నీకు ఇబ్బంది ఉండదు. తర్వాత కొన్ని దేశయాత్రలు దొరికినవి దొరికినట్టు చదివి ఖజానాకి రా. ముందే ఖజానా చదివితే నాగమణి చెప్పింది నమ్మే అవకాశం పోతుంది, ఆ మలుపు దెబ్బ తగలదు.

పాత_సంచిక

ఇందులో మాత్రం గోండియా గారితో ఏకీభవిస్తున్నా, అదే వరుస.

రాజ్‌నగర్_వాసి

మధ్యలో "ప్రతిశోధ్ కీ జ్వాలా", "గ్రాండ్ మాస్టర్ రోబో" కలుపుకో తమ్ముడూ, అవి లేకుండా రాజ్‌నగర్ కీ తబాహీకి వెళ్లొద్దు. నా దగ్గర ధ్రువ పుస్తకాలు డబుల్ కాపీలు ఉన్నాయి, మెసేజ్ పెట్టు, హనుమకొండ వైపు వచ్చినప్పుడు తెచ్చిస్తా.